తగిన దూరంలో ఉంటే నీరున్నట్టేనా?

ప్రశ్న: ప్రాక్సిమా సెంటారీ నక్షత్రం చుట్టూ తిరిగే ఒక గ్రహం ఆవాసయోగ్య మండలంలో ఉందని చదివాను. అంటే అక్కడ నీళ్లున్నట్టేనా?
– డిగ్రీ విద్యార్థిని, కర్నూలు

జవాబు: అంత మాట ఇప్పుడే అనలేం. ఆ మండలం చెప్పేది దూరం గురించి మాత్రమే. తగిన వాతావరణం ఉంటే, నేల మీద నీరు ఆవిరైపోకుండా, గడ్డకట్టకుండా నిలవగల దూరం అది. ఆ ‘ఉంటే’ దగ్గరే చిక్కంతా! మన భూమినే చూడండి. సూర్యుడి నుంచి అందే వేడినొక్కదాన్నే లెక్కేస్తే సగటు ఉష్ణోగ్రత మైనస్ 18 డిగ్రీలు ఉండాలి. గాలిలోని నీటి ఆవిరి, కార్బన్ డయాక్సైడ్ దుప్పటిలా కప్పి ఉంచబట్టి 15 డిగ్రీల దగ్గర నిలిచింది. శుక్రుడి మీద ఆ దుప్పటి మరీ మందమై, నేల 460 డిగ్రీలకు కాగిపోతోంది.

మీరు అడిగిన గ్రహం, ప్రాక్సిమా బి, 2016లో బయటపడింది. మనకు సుమారు 4.2 కాంతి సంవత్సరాల దూరం. దాని నక్షత్రం వెలుగు తక్కువైన ఎర్ర మరుగుజ్జు కాబట్టి, నీరు నిలిచే మండలం బాగా దగ్గరికి జరిగింది. గ్రహం దాదాపు 70 లక్షల కిలోమీటర్ల దూరంలో 11 రోజులకో చుట్టు తిరుగుతోంది. అంత దగ్గర కావడంతో దాని ఒక ముఖమే ఎప్పుడూ నక్షత్రం వైపు ఉండిపోయి ఉండవచ్చు. నన్ను ఎక్కువ కలవరపెట్టేది మాత్రం ఆ నక్షత్రం తరచూ ఎగజిమ్మే జ్వాలలు. గ్రహానికి వాతావరణమంటూ ఉంటే, దాన్ని అవి క్రమంగా ఊడ్చేయగలవు.

ఈ విషయం మీద ఆసక్తి ఉంటే ట్రాపిస్ట్-1 అనే మరో నక్షత్రం చుట్టూ తిరిగే గ్రహాల వార్తలు గమనించండి. అవి తమ నక్షత్రం ముందు నుంచి దాటుతూ మనకు కనిపిస్తాయి కాబట్టి, వాటికి వాతావరణం ఉందో లేదో జేమ్స్ వెబ్ టెలిస్కోపు పరీక్షిస్తోంది.