యాకిటోరి: పైరంగు చూసి మోసపోవద్దు

జపాన్ దేశంలో సాయంత్రం వేళ చిన్న చిన్న హోటళ్ళలో ఎక్కువగా తినే వంటకం యాకిటోరి. 'యాకి' అంటే కాల్చినది, 'టోరి' అంటే పక్షి. చిన్న కోడిమాంసం ముక్కలను వెదురు పుల్లలకు గుచ్చి బొగ్గుల మీద కాలుస్తారు. కొందరు ఉప్పు మాత్రమే చల్లుతారు. మరికొందరు 'తారే' అనే తియ్యటి సోయా సాస్ పూస్తారు. నూనెలో వేయించే పని లేదు కాబట్టి ఇంట్లో చేసుకోవడానికి మంచి వంటకమే. అయితే కొన్ని జాగ్రత్తలు తప్పనిసరి.

కావలసినవి (నలుగురికి): ఎముక, చర్మం తీసిన కోడి తొడమాంసం అర కిలో, ఉల్లికాడలు ఒక కట్ట, సోయా సాస్ 3 పెద్ద చెంచాలు, పంచదార 2 పెద్ద చెంచాలు, నీళ్ళు 4 పెద్ద చెంచాలు, కొద్దిగా అల్లం. జపాన్ వారు సాస్‌లో బియ్యంతో చేసిన మద్యం కలుపుతారు. అది లేకుండా కూడా రుచిగానే ఉంటుంది.

తయారుచేసే విధానం:

1. వెదురు పుల్లలను అరగంట నీళ్ళలో నానబెట్టండి. లేకపోతే మంటకు కాలిపోతాయి.

2. సోయా సాస్, పంచదార, నీళ్ళు, అల్లం కలిపి చిన్న మంట మీద కొంచెం చిక్కబడే వరకు మరిగించండి. దీన్ని రెండు గిన్నెల్లోకి తీసుకోండి. ఒకటి పూయడానికి, ఒకటి వడ్డించడానికి.

3. మాంసాన్ని అంగుళం ముక్కలుగా, అన్నీ ఒకే సైజులో కోయండి. మాంసం ముక్క, ఉల్లికాడ ముక్క వరుసగా గుచ్చండి.

4. పెనం మీద కొద్దిగా నూనె రాసి, మధ్యస్థమైన మంట మీద తిప్పుతూ 10 నుంచి 12 నిమిషాలు కాల్చండి. మధ్యలో కాసేపు మూత పెట్టండి.

5. చివరి రెండు మూడు నిమిషాల్లోనే సాస్ పూయండి.

సాస్ చివరలోనే ఎందుకు? అందులో పంచదార ఉంది. అది త్వరగా ఎర్రబడి మాడుతుంది. ముందే పూస్తే పైన చక్కటి రంగు వస్తుంది, లోపల మాత్రం పచ్చిగా ఉంటుంది. చాలామంది ఆ రంగు చూసి ఉడికిందనుకొని పిల్లలకు పెడతారు. ప్రమాదం ఇక్కడే ఉంది.

పచ్చి కోడిమాంసంలో సాల్మొనెల్లా, క్యాంపైలోబాక్టర్ అనే సూక్ష్మక్రిములు ఉండవచ్చు. జపాన్‌లో సూక్ష్మక్రిముల వల్ల ఆహారం వికటించడానికి ఒక ముఖ్య కారణం క్యాంపైలోబాక్టరే. అన్నిటికంటే పెద్ద ముక్కను కోసి చూడండి. లోపల గులాబీ రంగు ఉండకూడదు, కారే రసం తేటగా ఉండాలి. థర్మామీటర్ ఉంటే ఇంకా మంచిది. మాంసం మధ్యలో వేడి 74 డిగ్రీల సెల్సియస్‌కు చేరాలి.

మరచిపోకూడని విషయాలు:

* పచ్చి మాంసాన్ని కొళాయి కింద కడిగితే తుంపరలతో పాటు క్రిములు చుట్టుపక్కల గిన్నెల మీద పడతాయి. కడగక తప్పదనుకుంటే గిన్నెలో నీళ్ళు పోసి నెమ్మదిగా కడగండి.

* పచ్చి మాంసం పెట్టిన పళ్ళెంలో, కోసిన కత్తిపీట మీద సబ్బుతో కడగకుండా వేరే ఏదీ పెట్టవద్దు. చేతులు కూడా సబ్బుతో కడుక్కోండి.

* మాంసానికి పూసిన సాస్ మిగిలితే పారేయండి.

* ఒక పెద్ద చెంచా సోయా సాస్‌లో సుమారు రెండున్నర గ్రాముల ఉప్పు ఉంటుంది. పెద్దవారికి రోజు మొత్తానికి 5 గ్రాముల లోపే ఉండాలి. రక్తపోటు ఉన్నవారు సాస్ పూయకుండా మిరియాల పొడి, నిమ్మరసంతో తినడం మేలు.

* బొగ్గుల కుంపటిని ఎప్పుడూ ఇంటి లోపల వెలిగించవద్దు. దాని నుంచి వచ్చే కార్బన్ మోనాక్సైడ్ వాయువుకు రంగు, వాసన ఉండవు. తలనొప్పి, కళ్ళు తిరగడం, వాంతులతో మొదలై ప్రాణం తీయగలదు. ఆరుబయటే కాల్చండి.

* మాడిన నల్లటి భాగాన్ని తీసేసి తినండి.

క్యాంపైలోబాక్టర్ సోకితే సాధారణంగా రెండు నుంచి ఐదు రోజుల తర్వాత జ్వరం, కడుపునొప్పి, విరేచనాలు వస్తాయి. అందుకే ఫలానా భోజనం వల్లే వచ్చిందని చాలామంది గుర్తించరు. ఓ.ఆర్.ఎస్. నీళ్ళు తాగిస్తూ ఉండండి. విరేచనంలో రక్తం పడినా, జ్వరం తగ్గకపోయినా, మూత్రం తగ్గిపోయినా వెంటనే వైద్యుని వద్దకు వెళ్ళండి. పసిపిల్లలు, గర్భిణులు, వృద్ధుల విషయంలో అసలు ఆలస్యం చేయవద్దు.

పైన రంగు వస్తే సరిపోదు. లోపలి దాకా ఉడికిందని చూసుకున్నాకే వడ్డించండి.