రెప్పవాల్పని కన్ను

దేవతలకు అనిమిషులని పేరు. రెప్పపాటు లేనివారని దాని యర్థము. మానవునకు అట్టి శక్తి లేదు. ఎంతటి జాగరూకుడైన కావలివాడైనను తెల్లవాఱుజామున కునుకుపాటు పడును. ఈ కొఱతను తీర్చుకొనుటకై మానవుడు కల్పించుకొన్న కన్నే నిఘా కెమెరా. బట్టల దుకాణములలో, నగల అంగళ్లలో, బ్యాంకులలో, రైల్వే స్టేషన్లలో పైకప్పునకు అమర్చిన ఈ సాధనమును మీరందఱును చూచియే యుందురు.

ఇది మొదట అంగడి కొఱకు పుట్టినది కాదు. 1942వ సంవత్సరమున జర్మనీ దేశమందలి పీనెముండె అను చోట యుద్ధమునకై రాకెట్లను పరీక్షించుచుండిరి. ఎగురబోవు రాకెట్టు చెంత నిలుచుట ప్రాణాపాయము. వాల్టర్ బ్రుఖ్ అను ఇంజనీరు ఏర్పఱచిన టెలివిజను కెమెరాల మూలమున దూరమున నున్నవారు ఆ దృశ్యమును చూడగలిగిరి. ఆ చిత్రము ఊరందఱికిని ప్రసారము కాదు. తీగల ద్వారా నియమితమైన తెరకే చేరును. సి.సి. అను అక్షరములు ఈ మూసిన వలయమునకే గుర్తు. తరువాత న్యూయార్కు నగరమున నర్సుగా నుండిన మేరీ వాన్ బ్రిటన్ బ్రౌన్ అను వనిత, తలుపు వెలుపల నిలిచినవారిని లోపలి తెరపై చూచు ఏర్పాటును భర్తతో కలిసి కల్పించి, 1969లో పేటెంటు పొందెను.

అమెరికాలోని నెవాడా రాష్ట్రమున 1931లో జూదము చట్టసమ్మతమయ్యెను. అచ్చటి లాస్ వేగాస్ నగరమందలి జూదగృహములను కాసినోలందురు. కెమెరాలు రాకపూర్వము ఆ గృహముల పైకప్పు మీద సన్నని నడవలు కట్టి, ఒకవైపునుండి మాత్రమే కనుపించు అద్దములగుండ కావలివారు క్రిందికి చూచుచుండెడివారు. పిమ్మట కెమెరాలు ఆ పనికి వచ్చినవి. విశేషమేమనగా, అవి ఆటగాండ్రనే గాక పేకముక్కలు పంచు ఉద్యోగిని గూడ కనిపెట్టుచుండును. అతడు బల్ల విడిచి పోవునపుడు అరచేతులు చఱచి, త్రిప్పి, పైనున్న కెమెరాకు చూపవలెను. పందెపు బిళ్ల నొకదానినైనను దాచలేదనుటకు అది గుర్తు. ఎంత నమ్మకస్థుడైనను ఈ నియమము తప్పదు.

మన దేశమున నీ కెమెరాలు అంగళ్లలో విరివిగా నున్నవి. నూఱుమంది యొక్కమాఱు చేరు అవకాశముగల సంస్థలలో వీనిని అమర్చవలెననియు, చిత్రములను 30 దినములు భద్రపఱుపవలెననియు 2013లో ఉమ్మడి ఆంధ్రప్రదేశమున చట్టము చేయబడెను. చిల్లర లెక్కలో తగవు వచ్చినను, సంచి మాఱిపోయినను, బిడ్డ తప్పిపోయినను ఆ చిత్రములు తోడ్పడును.

అయినను, కెమెరా చూచినదంతయు సత్యమని తలంపరాదు. ఒక బాలుడు అంగడిలో కలము చేతబట్టి, రెండవ చేతిని జేబులో పెట్టినాడనుకొనుడు. తెర ముందు కూర్చున్నవానికి కలము దాచినట్లు తోచవచ్చును. నిజమునకు వాడు తండ్రి యిచ్చిన డబ్బు సరిపోవునో లేదో తడిమి చూచుకొనెను. చిత్రము చేష్టను చూపును గాని మనస్సును చూపదు. తొందరపడి దొంగ యని కేకవేసిన, పదిమందిలో పడిన నింద ఎంత తుడిచినను పోదు. కావున ముందు వెనుకల చిత్రములను పరికించి, మెల్లగా విచారించుట వివేకుల లక్షణము.

కెమెరా చూడరాని చోట్లును కలవు. వస్త్రములు మార్చుకొను గదిలో దానిని దాచి యుంచుట శిక్షార్హమైన నేరము. మనుష్యునకు తన ఏకాంతముపై గల హక్కు రాజ్యాంగము కాపాడు ప్రాథమిక హక్కు అని 2017లో తొమ్మండుగురు న్యాయమూర్తులు గల సుప్రీంకోర్టు ధర్మాసనము తీర్పు చెప్పెను. కాపలా కాయువానికిని కాపలా వలయును. ప్రతి పోలీసు స్టేషనులోను కెమెరాలు ఉండవలెనని ఆ న్యాయస్థానమే 2020లో ఆజ్ఞాపించుటకు కారణమిదియే. అధికారము గలవాడు బలహీనుని బాధింపకుండుటకు గూడ సాక్షి యవసరము.

భారతమున ఆదిపర్వమందలి శకుంతల కథను స్మరింపుడు. నిండుకొలువున దుష్యంతుడు ఆమెను ఎఱుగనన్నపుడు, ఆమెకు మనుష్యులలో సాక్షి లేకపోయెను. అందుచే ఆమె సూర్యచంద్రులను, పంచభూతములను, మానవుని హృదయమునే సాక్షులుగా పేర్కొనెను. సాక్షి దొంగను పట్టుటకే కాదు, నిర్దోషిని నిలుపుటకును ఉన్నాడని దీనివలన తెలియుచున్నది. విద్యుత్తు పోయిన కెమెరా గ్రుడ్డిదగును. హృదయమను సాక్షికి ఆ లోపము లేదు. ఎవరును చూడని వేళ పరుల సొత్తు ముట్టనివాడు కెమెరాకు వెఱవ నక్కఱలేదు. అట్టివానిని అకారణముగా శంకింపకుండుట సంఘముయొక్క ధర్మము.

ప్రశ్నలు

1. సి.సి. అను అక్షరములు దేనికి గుర్తు?
2. కాసినోలో ముక్కలు పంచువాడు అరచేతులు ఏల చూపవలెను?
3. కలము పట్టిన బాలుని ఉదాహరణమువలన మనము గ్రహింపవలసినదేమి?
4. "కాపలా కాయువానికిని కాపలా వలయును" — ఈ వాక్యమును మీ మాటలలో వివరింపుడు.