ఆటలో నిషేధము: అప్పీలు వ్రాయు విధము

(తలిదండ్రులకు ఒక పాఠము)

బరంపురములో ఒక తెలుగు గృహమును ఊహింపుడు. పరీక్షలు ముగిసినవి. ఎనిమిదవ తరగతి చదువు బాలుడు తండ్రి ఫోను తీసికొని ఆట తెరచినాడు. ఆట రాలేదు, ఖాతా నిషేధింపబడినదను వాక్యము మాత్రము తెరపై కనబడినది. రెండేండ్లుగా సంపాదించుకొన్న స్థాయి, తోడి ఆటగాండ్ర జట్టు, పుట్టినరోజునాడు మేనమామ యిచ్చిన సొమ్ముతో కొన్న ఆటదుస్తులు, అన్నియు ఒక్క క్షణమున మూతపడినవి. బాలుడు అన్నము ముట్టడు. తండ్రి “పీడ వదలినది” అనును. తల్లి “అసలేమి జరిగినదిరా?” అని యడుగును.

ఆ యింట మాటలాడిన వారిలో తల్లి యడిగినదే సరియైన ప్రశ్న. నిషేధముపై అప్పీలు వ్రాయుటకు మొదటి మెట్టు అదియే. తక్కిన మెట్లను ఈ పాఠమున వరుసగా చెప్పెదము.

1. నిషేధ మెవరిది?

ప్రభుత్వము ఆటనే నిషేధించుట వేరు. ఆటసంస్థ ఒక ఆటగానిని నిషేధించుట వేరు. 2020 సెప్టెంబరు 2న భారతప్రభుత్వము సమాచార సాంకేతిక చట్టము 69ఏ సెక్షను క్రింద 118 యాప్‌లను నిషేధించినది. వానిలో పబ్జీ మొబైల్ ఒకటి. దాని స్థానమున 2021 జూలైలో కొరియా దేశపు క్రాఫ్టన్ సంస్థ బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అను ఆటను తెచ్చినది. 2022 జూలై 28న అదియు యాప్ అంగళ్లనుండి తొలగింపబడినది. సర్వరు లుండు చోటు, సమాచార భద్రత మొదలగు విషయములలో సంస్థ నిబంధనలను పాటించిన పిమ్మట, 2023 మే నెలలో మూడు నెలల పరీక్షాకాలమునకు అనుమతి లభించి ఆట తిరిగి వచ్చినది. అప్పుడు 18 ఏండ్లు నిండని వారికి దినమునకు 3 గంటల మితి కూడ ఏర్పడినది.

ఇట్టి నిషేధముపై పిల్లవాడు చేయగలిగినది లేదు. అయినను దీనియందొక నీతి కలదు. అంత పెద్ద సంస్థయు ఆక్షేపణ యేదో తెలిసికొని, దానిని సరిదిద్దుకొని, పిమ్మటనే అనుమతి పొందినది. మన అప్పీలు నడక కూడ అట్లే యుండవలెను.

సొమ్మును పణముగా ఒడ్డు ఆటల సంగతి వేరు. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన చట్టము వానిని నిషేధించి, ఇ-క్రీడలను, సరదా ఆటలను వేరుగా గుర్తించినది. పిల్లవాని ఖాతా సొమ్మాటలో మూతపడినచో అప్పీలు ఆలోచన మాని, ఆ ఆటలోనికి ఎట్లు ప్రవేశించెనో విచారించుటయే తలిదండ్రుల పని.

2. సంస్థలు ఆటగానిని ఏల నిషేధించును?

సాధారణముగా కారణములు అయిదు. గోడల వెనుకనున్న వానిని చూపునట్టియు, గురి తానే కుదుర్చునట్టియు దొంగ ప్రోగ్రాములను వాడుట మొదటిది. ఖాతాను ఇతరులకిచ్చుట, లేక అమ్ముట రెండవది. ఆటనాణెములను సంస్థ అనుమతి లేని వారివద్ద చౌకగా కొనుట మూడవది. బూతులాడుట, బెదరించుట నాల్గవది. ఎదుటి పక్షముతో లోపాయికారిగా కూడి స్థాయి పెంచుకొనుట అయిదవది.

శిక్షలలోను తారతమ్యము కలదు. కొన్నిచోట్ల మొదట మాట్లాడు వసతి మాత్రమే తీసివేయుదురు. మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్ 2023 ఆగస్టులో ఎనిమిది మెట్ల పద్ధతిని ప్రవేశపెట్టినది. తప్పు తీవ్రతను బట్టి గుర్తులు పడును. గుర్తు ఆరు నెలలు నిలుచును. ఎనిమిది పడినవానికి సామాజిక వసతులనుండి ఒక సంవత్సరము వెలి. వాల్వ్ సంస్థవారి వ్యాక్ అను మోసనివారణ పద్ధతిలో నట్లు గాక నిషేధము శాశ్వతము. సహాయక సిబ్బందిని వేడినను తొలగింపరు. తమ పొరబాటని తేలినచో మాత్రము తామే ఎత్తివేయుదురు. కావున అప్పీలునకు ముందు ఆ ఆట నియమములను ఒకమారు సాంతముగా చదువవలెను.

ఇంత కాఠిన్య మేల యను వారికి ఒక నిదర్శనము. 2018 అక్టోబరులో షాంఘై నగరమున జరిగిన కౌంటర్‌స్ట్రైక్ పోటీలో ఒక భారతీయ జట్టు ఆటగాని కంప్యూటరులో దొంగ ప్రోగ్రాము పట్టుబడినది. జట్టంతయు పోటీనుండి తొలగింపబడినది. కొలదికాలములోనే ఆ జట్టు రద్దయినది. అతనికి అయిదేండ్ల నిషేధము పడినది. తప్పు చేసినవా డొక్కడు. తోడి నలుగురి శ్రమయు వ్యర్థమయ్యెను. పిల్లవానికి ఈ సంగతి చెప్పినచో నియమ మెవరి మేలుకొరకో తెలియును.

3. యంత్రము పొరబడునా?

పొరబడును. ఈ నిషేధములలో అధికభాగము మనిషి చూచి వేయునవి కావు. ప్రోగ్రాములు గుర్తులను పోల్చి వేయునవి. 2010 జూలైలో మోడరన్ వార్‌ఫేర్ 2 అను ఆటలో దాదాపు 12,000 మంది మోసము చేయకయే నిషేధింపబడిరి. డిస్కుమీది ఒక ఫైలు ఆట నడచుచుండగా మారినందున, కంప్యూటరు జ్ఞాపకమునందున్న ప్రతితో అది సరిపోలలేదు. యంత్రము దానిని మోసముగా భావించినది. వాల్వ్ అధిపతి గేబ్ న్యూవెల్ తప్పు తమదని ఒప్పుకొని, నిషేధములను తొలగించి, ప్రతివానికి మరియొక ఆటను ఉచితముగా నిచ్చి, మిత్రునకు కానుకీయ నింకొక ప్రతియు నిచ్చినాడు. 2023 అక్టోబరులో ఏఎండీ సంస్థ తన గ్రాఫిక్స్ డ్రైవరులో చేర్చిన యొక వసతి ఆట ఫైలును తాకినందున కౌంటర్‌స్ట్రైక్ 2 ఆటగాండ్రు కొందరు నిషేధింపబడిరి. ఏఎండీ ఆ డ్రైవరును వెనుకకు తీసికొనినది. వాల్వ్ ఆ నిషేధములను రద్దు చేయ పూనుకొనినది.

కనుక “యంత్రము అబద్ధమాడదు” అని పిల్లవానిని ముందే దోషిగా నిర్ణయింపరాదు. “మావాడట్టివాడు కాడు” అని ముందే నిర్దోషిగాను నిర్ణయింపరాదు. ఐరోపా సమితివారి డిజిటల్ సేవల చట్టము 2024 ఫిబ్రవరినుండి పూర్తిగా అమలులోనికి వచ్చినది. ఆన్‌లైను వేదికలు ఖాతా మూసినచో కారణము తెలుపవలెననియు, కనీసము ఆరు నెలలు ఫిర్యాదునకు అవకాశ మీయవలెననియు, ఫిర్యాదుపై నిర్ణయమును యంత్రమునకే విడువరాదనియు అది విధించినది. ఎదుటివాని మాట వినక శిక్షింపరాదను పాతన్యాయమే ఈ క్రొత్త చట్టమునకు మూలము.

4. విజ్ఞప్తి ఎవరు వ్రాయవలెను?

మన దేశమున 1872నాటి కాంట్రాక్టు చట్టము 11వ సెక్షను ప్రకారము మైనరు ఒప్పందము చేసికొనుటకు అర్హుడు కాడు. సాధారణముగా 18 ఏండ్లు నిండినగాని మైనారిటీ తీరదు. ఆట తెరచునప్పుడు “అంగీకరించుచున్నాను” అని నొక్కునది బాలుని వ్రేలైనను, ఫోను తండ్రిది, సొమ్ము తండ్రిది, సమ్మతి తెలుపు సంఖ్య వచ్చునదియు తండ్రి ఫోనునకే. కావున పిల్లవాని ఖాతావిషయమున తల్లిగాని తండ్రిగాని పేరు పెట్టి వ్రాయుట యుక్తము.

విన్నపము వ్రాయుట మన ప్రాంతపు తెలుగువారికి క్రొత్తగాదు. 1936 ఏప్రిల్ 1న గంజాము మద్రాసు రాష్ట్రమునుండి ఒరిస్సాకు మారిన నాటినుండి మనవారు భాష కొరకు, బడి కొరకు వినతిపత్రములు వ్రాయుచునే యున్నారు. రాజ్యాంగము 350వ అధికరణము ప్రకారము తన కష్టమును తీర్పుమని కేంద్రరాష్ట్రముల యధికారులకు, అచ్చట వాడుకలోనున్న ఏ భాషలోనైనను వ్రాసికొను హక్కు ప్రతివానికి కలదు. ఆ హక్కు ప్రభుత్వాధికారులయెడలనే; పరదేశపు ఆటసంస్థకు ఆ నిర్బంధము లేదు. దానికి ఎక్కువగా ఇంగ్లీషులోనే వ్రాయవలసివచ్చును. ఇంట ఇంగ్లీషు వ్రాయగలవాడు పిల్లవాడే యగుచో, తాను పంపినదేమో తలిదండ్రులకు తెలియకపోవుటయు కలదు. అందుచేత మొదట తెలుగులో వ్రాయుడు. ఇంటిల్లిపాదియు విని, సరియని తోచినదానినే ఇంగ్లీషున మార్చి పంపుడు. తల్లి విని తల యూపలేని వాక్యము సంస్థకు పంపదగినది కాదు.

5. ఎట్లు వ్రాయవలెను?

ముందుగా పిల్లవాని నడుగవలెను. ఫోను లాగికొందుమని బెదరించి యడిగిన ప్రశ్నకు నిజము రాదు. నిషేధము పడినదినమున ఎవరెవరు ఆడిరి, ఏ ఫోనులో, క్రొత్తగా ఏ యాప్ ఎక్కించిరి, పాస్‌వర్డు ఎవరికి తెలియును, నాణెము లెక్కడ కొనిరి అని ఒక్కొక్కటిగా విచారింపుడు. మన జిల్లానుండి సూరతు మరమగ్గముల పనికి పోయినవా రెందరో కలరు. అట్టి అన్నయో, చిన్నాన్న కొడుకో అక్కడనుండి అదే ఖాతాతో ఆడియుండవచ్చును. సంస్థ కంటికి ఒకే ఖాతా ఒకే రాత్రి బరంపురమునను సూరతునను తెరువబడినట్లు కనబడును.

తరువాత సాక్ష్యము కూర్పుడు. నిషేధవాక్యపు స్క్రీన్‌షాటు, తేదీ, సమయము, ఆట గుర్తింపు సంఖ్య, ఫోను మోడలు, సొమ్ము చెల్లించిన రసీదులు చాలును. ఆటలోని సహాయపుటద్వారాగాని, సంస్థ సొంత వెబ్‌సైటుద్వారాగాని ఒక్కమారే పంపుడు. పదిమార్లు పంపినచో పని వేగిరపడదు. ఫిర్యాదు సంఖ్యను వ్రాసియుంచుడు.

మనము మొదట ఊహించిన గృహమునకే ఒక మాదిరి చూపెదము. తల్లి నెమ్మదిగా నడుగగా, సూరతులోని అన్నకు పాస్‌వర్డు ఇచ్చితినని బాలుడు చెప్పినాడు. అన్నను ఫోనులో నడుగగా, తాను గురి కుదుర్చు ప్రోగ్రాము వాడితినని ఒప్పుకొనినాడు. అప్పుడు తండ్రి ఇట్లు వ్రాయవచ్చును:

“అయ్యా, ఈ ఖాతా నా కుమారునిది. అతడు మైనరు, నేను తండ్రిని. ఫలానా తేదీని ఖాతా నిషేధింపబడినది. విచారింపగా, నా కుమారుడు నియమమునకు విరుద్ధముగా పాస్‌వర్డును మా బంధువున కిచ్చెననియు, ఆ బంధువు వేరొక ఊరినుండి అనుమతి లేని ప్రోగ్రాము నుపయోగించెననియు తెలిసినది. పాస్‌వర్డు ఇచ్చుట మా తప్పు. నా కుమారుని ఫోనులో అట్టి ప్రోగ్రాము లేదు. పాస్‌వర్డు మార్చితిమి. రెండు చోట్లను ఆడిన వివరములు మీవద్ద నుండునని తలచెదను. వానిని పరిశీలించి శిక్షను తగ్గింపగలరేమో చూడ గోరుచున్నాను. తగ్గింప వీలుకానిచో కారణము తెలుప ప్రార్థన.”

ఈ లేఖలో తిట్టు లేదు, ఏడుపు లేదు, “తెలియక జరిగినది” అను అబద్ధము లేదు. ఇట్లు వ్రాసినను ఖాతా తిరిగి రాకపోవచ్చును. ఖాతాలో జరిగినదానికి ఖాతాదారుడే బాధ్యుడనునది చాల సంస్థల నియమము. “మేమేమియు నెరుగము” అని వ్రాసిన లేఖ నెగ్గవచ్చునుగదా యని కొందరనవచ్చును. ఒకవేళ నెగ్గినను, తండ్రి సంతకముతో అబద్ధము చెల్లునని ఆ బాలుడు ఆనాడే నేర్చుకొనును.

పిల్లవాడు నిజముగా నిర్దోషియైనచో లేఖ ఇంకను పొట్టిదగును: ఆ దినమున ఆడిన సమయము, ఫోను, దానియందున్న యాప్‌లు, క్రొత్తగా జరిగిన మార్పు. “మేము మోసగాండ్రము కాము” అని నాలుగుమార్లు వ్రాయుటకన్న, ఆ ఉదయము ఫోను సాఫ్ట్‌వేరు మారినదను ఒక్క వివరము మేలు.

ఒక హెచ్చరిక. సొమ్మిచ్చినచో నిషేధము తొలగింతుమని చెప్పువారు దొరకుదురు. వారికి సొమ్ముగాని, పాస్‌వర్డుగాని, ఫోనుకు వచ్చు ఓటీపీగాని ఈయరాదు. మోసపోయినచో ఆలస్యము చేయక 1930 సంఖ్యకు ఫోను చేయవలెను.

6. పై మెట్లు

సంస్థ బదులీయకున్నచో ఏమి చేయవలెను? 2021 ఫిబ్రవరిలో వచ్చిన సమాచార సాంకేతిక నియమముల ప్రకారము మధ్యవర్తి సంస్థలు ఫిర్యాదుల అధికారిని నియమింపవలెను. అతడు ఫిర్యాదు అందినట్లు 24 గంటలలో తెలిపి, నిర్ణీత గడువులోపల పరిష్కరింపవలెను. ఆ నిర్ణయము నచ్చనివారు 30 దినములలోపల కేంద్రప్రభుత్వపు ఫిర్యాదుల అప్పీలు కమిటీకి ఆన్‌లైనులో వ్రాసికొనవచ్చును. 2022 అక్టోబరులో చేసిన సవరణ ఈ మార్గమును తెరచినది. ఈ నియమములు మధ్యవర్తి సంస్థలకు మాత్రమే వర్తించును గనుక, మొదట ఆ సంస్థ భారతదేశమున అట్టి అధికారిని ప్రకటించెనేమో దాని వెబ్‌సైటులో చూడవలెను.

కొనిన వస్తువులకు చెల్లించిన సొమ్ము విషయమైనచో జాతీయ వినియోగదారుల సహాయసంఖ్య 1915 కలదు. అచ్చట తెలుగులోను ఒడియాలోను మాటలాడవచ్చును. 2019నాటి వినియోగదారుల రక్షణచట్టము ప్రకారము ఫిర్యాదుదారుడు తాను నివసించు జిల్లా కమిషనులోనే ఫిర్యాదు వేయవచ్చును. కొరియాకుగాని అమెరికాకుగాని పోనక్కరలేదు. అయినను రెండువందల రూపాయల ఆటచొక్కా కొరకు కమిషను మెట్లెక్కుట తగునా యని ఇంట ఆలోచించుకొనవలెను.

7. తీర్పు వచ్చిన పిమ్మట

తీర్పు అనుకూలమైనచో పాస్‌వర్డు మార్చి, ఆటవేళకు మితి నిర్ణయింపుడు. ప్రతికూలమైనచో మారుపేరుతో క్రొత్త ఖాతా తెరచుటకు తోడ్పడకుడు. అనేక ఆటలలో అదియు నియమవిరుద్ధమే. బాలుని దుఃఖమును చూచి నవ్వకుడు. మనకది ఆటయే, వానికి మాత్రము రెండేండ్ల స్నేహము. జట్టులోని మిత్రులకు జరిగినది చెప్పుకొని సెలవు తీసికొనుటకు వానికి తోడ్పడుడు. పాస్‌వర్డు తీసికొన్న అన్నతో జీవితాంతము పగ పెంచకుడు. అతడును తన తప్పును ఒక లేఖలో తమ్మునకు వ్రాయుట మంచిది.

రేపు ఈ పిల్లలే పరీక్షాఫలితముపైన, ఉద్యోగపు నిరాకరణపైన, బ్యాంకు పొరబాటుపైన విన్నపములు వ్రాయవలసినవారు. జరిగినదేమో విచారించుట, ఉన్నది ఉన్నట్లు చెప్పుట, అడుగదగినదే అడుగుట, వచ్చిన తీర్పును ధైర్యముగా గ్రహించుట వారికి అక్కరకు వచ్చును. ఈ యలవాటు ఇంటిలో, తల్లిభాషలో, ఒక ఆటఖాతా మూతపడిన సాయంకాలమునుండియే మొదలుపెట్టవచ్చును.