సన్నాయికి సాటి వచ్చిన గొంతు: ఎస్. జానకి నుంచి మన పిల్లలకు ఒక పాఠం

వెల్దుర్తిలో పెళ్లయినా, మాచర్లలో చెన్నకేశవస్వామి ఉత్సవమైనా సన్నాయి మోగాల్సిందే. ఆ సన్నాయి పలికినంత వేగంగా, అన్ని మెలికలతో మనిషి గొంతు పాడగలదా? పాడగలదని 1962లో చూపించిన గాయని మన పాత గుంటూరు జిల్లా ఆడపడుచే. ఈ నెల పాఠం ఆమె గురించి. పిల్లలతో కలిసి చదవండి. ‘మా పాపకు ఈసారి పాటల పోటీలో ఫస్ట్ రావాలి’ అనుకునేవారు, ‘ఎనిమిదో తరగతికి వచ్చింది, ఇక సంగీతం ఎందుకు?’ అనుకునేవారు మరీ ముఖ్యంగా చదవండి.

కొలొరతురా అంటే?

యూరప్‌లో కథంతా పాటలతో నడిచే నాటకాన్ని ఒపేరా అంటారు. మన పద్యనాటకానికి దూరపు చుట్టం అనుకోవచ్చు. అందులో ఆడవాళ్ల గొంతుల్లో అన్నింటికన్నా పై స్థాయిలో పలికేది సొప్రానో. ఆ పై స్థాయిలోనే స్వరాలను గబగబా, అయినా ఒక్కొక్కటీ విడిగా వినిపించేలా పాడగలిగే గాయనిని కొలొరతురా సొప్రానో అంటారు.

1791లో వియన్నాలో మొదటిసారి ప్రదర్శించిన మొజార్ట్ ఒపేరా ‘మాయా వేణువు’లో రాత్రి రాణి పాట ఇందుకు పేరుపొందింది. అందులోని అత్యంత పై స్వరం దగ్గర గాయని స్వరతంత్రులు సెకనుకు దాదాపు 1,400 సార్లు కంపిస్తాయి. మామూలుగా మాట్లాడే స్త్రీ గొంతులో ఇది సుమారు 200 మాత్రమే.

ఆస్ట్రేలియా గాయని జోన్ సదర్లాండ్ గొంతు కాస్త కింది స్థాయిదని మొదట్లో ఇంట్లోవారే అనుకున్నారు. ఏళ్ల తరబడి సాధన చేశాక, 1959లో లండన్‌లో ‘లూచియా’ పాత్ర పాడి ప్రపంచ ప్రఖ్యాతి పొందారు. అప్పటికి ఆమె వయసు 32. పిల్లల గొంతు ఏమిటో పదేళ్లకే తేల్చేయకూడదని చెప్పడానికి ఈ ఒక్క ఉదాహరణ చాలు.

మన సంగీతంలో ఇలాంటి వేగపు స్వరాల గుత్తులను బిర్కాలు అంటారు.

పల్లపట్ల నుంచి మద్రాసు దాకా

ఎస్. జానకి 1938 ఏప్రిల్ 23న రేపల్లె దగ్గర పల్లపట్లలో పుట్టారు. బాల్యంలో ఎక్కువ భాగం సిరిసిల్లలో గడిచింది. తొలి పాఠాలు చెప్పిన పైడిస్వామి గారు నాదస్వర విద్వాంసులు. 1956లో ఆకాశవాణి పోటీలో ఆమెకు వచ్చింది రెండో బహుమతి. మరుసటి ఏడాదే సినిమాల్లో పాడటం మొదలుపెట్టారు. తెలుగు, తమిళం, కన్నడం, మలయాళం సహా ఎన్నో భాషల్లో పాడారు. నాలుగుసార్లు జాతీయ అవార్డు అందుకున్నారు. వాటిలో తెలుగుది 1984 నాటి ‘సితార’ చిత్రంలోని ‘వెన్నెల్లో గోదారి అందం’ పాటకు వచ్చింది. 2017లో మైసూరులో వీడ్కోలు కచేరీ చేశారు. అంటే ఆ గొంతు 60 ఏళ్లు పనిచేసింది.

ఆ ఒక్క పాట

1962లో వచ్చిన తమిళ చిత్రం ‘కొంజుం సలంగై’లో ‘సింగారవేలనే దేవా’ పాట ఉంది. తెలుగు రూపం ‘మురిపించే మువ్వలు’లో అదే ‘నీ లీల పాడెద దేవా’. సంగీతం ఎస్.ఎం. సుబ్బయ్య నాయుడు, రాగం ఆభేరి. నాదస్వరం వాయించినది కారుకురిచ్చి అరుణాచలం. ఈ పాటకు జానకి పేరు సూచించింది సాటి గాయని పి. లీల అని చెబుతారు.

వాద్యం ఒక స్వరాల వరుస పలికితే, గొంతు దాన్నే తిరిగి పలకాలి. సన్నాయికి రంధ్రాలున్నాయి, వేళ్లు పెట్టే చోటు కళ్లకు కనబడుతుంది. గొంతుకు అలాంటి గుర్తులేవీ లేవు, చెవి ఒక్కటే దారి. చిన్నప్పుడే నాదస్వర విద్వాంసుని దగ్గర విన్న చెవి ఇక్కడ ఎంత అక్కరకొచ్చి ఉంటుందో ఊహించండి.

ఆ చెవిని తయారుచేసే వాద్యం మన జిల్లాకు కొత్తది కాదు. పద్మశ్రీ షేక్ చినమౌలానా నాదస్వరం నేర్చుకున్నది చిలకలూరిపేట ఆదం సాహెబ్ దగ్గరే.

వేగం ఎలా వస్తుంది?

నెమ్మదిగా పాడితేనే వస్తుంది! సంగీతం టీచర్లు సరళీ స్వరాలను మూడు కాలాల్లో పాడించేది ఇందుకే. మొదటి సరళిలో ఆరోహణ, అవరోహణ కలిపి 16 స్వరాలు. మొదటి కాలంలో దెబ్బకు ఒక స్వరం, రెండో కాలంలో రెండు, మూడో కాలంలో నాలుగు. అంటే అదే పాఠం 16, 8, 4 దెబ్బల్లో పూర్తవుతుంది. మొదటి కాలంలో శ్రుతి తప్పిన స్వరం మూడో కాలంలో సరికాదు, దొరక్కుండా దాక్కుంటుంది అంతే. ఎక్కాలు రాకుండా భాగాహారంలోకి దూకడం లాంటిదే ఇది కూడా.

ఇంట్లో మనం చేయగలిగినవి

• సినిమా పాట అసలు శ్రుతిలోనే పాడాలని పట్టుబట్టవద్దు. పిల్లల గొంతుకు హాయిగా ఉన్న శ్రుతే వారి శ్రుతి.
• పాడేటప్పుడు మెడ నరాలు ఉబ్బుతున్నాయా, గడ్డం పైకి లేస్తోందా గమనించండి. అలా ఉంటే శ్రుతి తగ్గించండి. జానకి గారి కచేరీ వీడియో చూపించండి. ఎంత కష్టమైన సంగతి వచ్చినా ఒళ్లు కదలదు, ముఖం బిగుసుకోదు.
• రోజుకు పది, పదిహేను నిమిషాల సాధన చాలు. వార్షికోత్సవం ముందు వారం రోజులు గంటల కొద్దీ పాడిస్తే బొంగురు మిగులుతుంది.
• మగపిల్లలకు 12–15 ఏళ్ల మధ్య గొంతు మారుతుంది. ఆ సమయంలో పై స్వరాలు బలవంతంగా పాడించవద్దు, ఎగతాళి అసలే వద్దు.
• గొంతు బొంగురు మూడు వారాలు దాటినా తగ్గకపోతే చెవి, ముక్కు, గొంతు డాక్టరుకు చూపించండి.

పిల్లలతో చర్చించండి

1. రెండో బహుమతి వచ్చిన గాయని 60 ఏళ్లు పాడారు. బహుమతికీ సాధనకూ తేడా ఏమిటి?
2. 16 స్వరాలను నాలుగో కాలంలో, అంటే దెబ్బకు 8 చొప్పున పాడితే ఎన్ని దెబ్బలు పడతాయి?
3. ఈసారి ఊళ్లో సన్నాయి వినిపించినప్పుడు ఒక చిన్న వరుస విని, దాన్ని అకారంతో పాడి చూడండి. ఎన్ని స్వరాలు పట్టుకోగలిగారు?

పై తరగతికి వెళ్లగానే సంగీతం మానిపిస్తే మిగిలేది రోజుకు పదిహేను నిమిషాలు. శ్రద్ధగా వినే అలవాటు పోతే, దానివల్ల కలిగే లోటు పాటలోనే కాదు, పాఠంలోనూ తెలుస్తుంది.