ఎఱ్ఱగొడుగును దాని జ్ఞాతులను గుర్తించు విధము
(పల్నాటి రైతుల కొఱకు)

ఆరుద్రకార్తె వానలకు నేల మెత్తబడినతోడనే మాచెర్ల, గురజాల ప్రాంతముల చేలగట్లమీదను, నల్లమల యంచుననున్న బీళ్లలోను పుట్టగొడుగులు పైకివచ్చును. కూలివాండ్రును, మేకలకాపరులును వీని నేరి తెత్తురు. రైతుల యిండ్లలో నవి కూర యగును. ఏది తినదగినదని యడిగిన, రంగుగలది విషము, తెల్లనిది మంచిది యని చెప్పువారు పెక్కండ్రు. ఈ మాటను నమ్మరాదు.

బొమ్మల పుస్తకములలో తెల్లని పొక్కులతో కానవచ్చు ఎఱ్ఱని గొడుగు నందఱు నెఱుగుదురు. శాస్త్రజ్ఞులు దీనిని అమానిటా మస్కేరియా యందురు. తెలుగున వాడుకలో పేరు లేనందున నిచట ఎఱ్ఱగొడుగని వ్యవహరింతము. ఐరోపాలో దీని ముక్కలను పాలలో వేసి యీగలను చంపెడివారు; 1753లో లిన్నేయస్ పెట్టిన పేరునకు నదియే మూలము. ఇది పైన్, బర్చి మొదలగు చెట్ల వేళ్లతో పొత్తు కలిపి బ్రదుకును. మన తుమ్మ, వేప, చింతల క్రింద దీనిని వెదకుట వ్యర్థము. తిన్నవారికి అరగంట మొదలు రెండుగంటలలోపల మత్తును, కలవరమును కలుగును. మరణము మాత్ర మరుదు.

పొక్కులనుబట్టి దీనిని గుర్తింపబూనుటయు సరికాదు. మొలకదశలో గొడుగంతయు నొక పొరలో చుట్టబడియుండును. అది పెరిగినపుడు పొర చినిగి, తునుకలు పైన నంటుకొనును. గట్టివాన కురిసిన నవి కడుగుకొనిపోవును, రంగును వెలిసిపోవును.

ఈ కుటుంబములో నిజముగ ప్రాణాంతకమైనవి మెఱయు రంగులవి కావు. అమానిటా ఫెల్లాయిడిస్ లేతయాకుపచ్చగ నుండును. అమానిటా విరోసా తెల్లగ, చూపునకు శుభ్రముగ నుండును. వీని విషము ఉడికించినను పోదు. తిన్న ఆఱుగంటల తర్వాతగాని వాంతులు, విరేచనములు పట్టవు. పిమ్మట నొకనాడు నెమ్మదించినట్లు తోచును. ఆ వేళకే కాలేయము చెడుచుండును. ఇందుకు విరుద్ధముగ, నారింజరంగు గల హెమిబాఫా యను జ్ఞాతిని హిమాలయ ప్రాంతములవారు వండుకొని తిందురు. రంగు లక్షణముగ నెట్లు నిలుచును?

కావున కాడ మొదలు చూడవలయును. గొడుగును పైపైన త్రుంచక, గునపముతో మట్టితోసహా పెకలింపుడు. అడుగున దొప్పవంటి సంచియు, కాడకు ఉంగరమువంటి పొరయు, గొడుగు క్రింద తెల్లని రేకులును కలిసి యున్నచో ముట్టక విడిచిపెట్టవలెను.

మన పుట్టగొడుగునకు దొప్ప యుండదు. కాడ సన్నబడుచు వేరువలె లోతునకు దిగి, చెదలు కట్టుకొన్న మెత్తని గూటిని చేరును. ఆ గూటిలో ఈ శిలీంధ్రమును పెంచునవి చెదలే. మనుష్యులు మాత్రము దీనిని మడులలో పెంచి లాభము పొందలేకున్నారు! గొడుగు నడుమ మొనదేలిన బుడిపె యుండును.

పసులపేడ పడిన గడ్డినేలలందు మఱియొక పెద్ద తెల్లగొడుగు మొలచును. పైన గోధుమరంగు పొలుసులు, కాడకు కదలెడి యుంగరము దీని గుర్తులు. ఇది పై కుటుంబములోనిది గాదు. కాని పుట్టగొడుగని భ్రమపడి తిన్నవారికి ఒకటి మొదలు మూడుగంటలలో తీవ్రమైన వాంతులు కలుగును. లేతదాని రేకులు తెల్లగనే యుండుటచే మోసపోవుట సులభము.

సందేహమైనచో విప్పారిన గొడుగును కాడ కోసి, రేకులు క్రిందుగ, సగము తెల్లది సగము నల్లది యైన కాగితముపై నుంచి, గిన్నె బోర్లించి రాత్రియంతయు విడువుడు. రాలిన పొడి ఆకుపచ్చగ నున్న గడ్డినేల విషపుగొడుగు. తెల్లగ నున్న అమానిటా కావచ్చును. లేతగులాబిరంగున నున్న పుట్టగొడుగు లక్షణము. ఇతర గుర్తులు కూడ కలిసినగాని దీనినిబట్టి మాత్రమే తినరాదు. వెండినాణెము నల్లబడుట, వెల్లుల్లి రంగు మాఱుట, పురుగు తినియుండుట యను పరీక్షలకు విలువ లేదు.

ఎవరికైన వాంతులు పట్టిన నాటువైద్యముతో కాలము గడపక, మిగిలిన గొడుగును, వండిన కూరను వెంట గొని నరసరావుపేట ఆసుపత్రికో, గుంటూరు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రికో తక్షణము చేర్పవలయును. ఎన్నిగంటలకు తిన్నదియు, ఎన్నిగంటలకు వాంతి మొదలైనదియు వైద్యునకు చెప్పవలెను. మఱునాడు నెమ్మదించినను రోగి నింటికి తీసికొనిరారాదు. అదే కూర తిన్నవారి నందఱిని, వారికి బాధ లేకున్నను, వెంట తీసికొనిపోవలెను.