శకుంతల అను పేరు

కొన్ని పేరులు వినినంతనే ఒక కథ స్ఫురించును. 'శకుంతల' యను పేరట్టిది. మన యిండ్లలో అమ్మమ్మలకును, నాయనమ్మలకును ఈ పేరు తఱచుగా గలదు. దాని యర్థ మేమి?

సంస్కృతమున 'శకుంతము' అనగా పక్షి. మేనక తన పసికందును మాలినీ నదీతీరమున విడిచి స్వర్గమునకు మరలిపోయెను. క్రూరమృగములు తిరుగు నా నిర్జనారణ్యమున పక్షులు శిశువు చుట్టును చేరి కాపాడెను. స్నానార్థము వచ్చిన కణ్వమహర్షి యా దృశ్యమును గాంచి, బిడ్డను ఆశ్రమమునకు గొనిపోయి పెంచెను. శకుంతములచే రక్షింపబడినది గావున శకుంతల యని పేరిడెను. తల్లి విడిచిన సంగతిని గాక, పక్షులు చూపిన దయనే ఆ ముని పేరులో నిలిపెను.

ఈ పేరునకు ప్రణయశోభను గూర్చినవాడు కాళిదాసు. 'అభిజ్ఞానశాకుంతలము'నందలి దూర్వాసుని శాపము, ఉంగరము భారతకథలో లేవు. ఆ నాటకమును 1789లో విలియం జోన్సు ఆంగ్లీకరింపగా, శకుంతల పేరు ఐరోపా యంతట వ్యాపించెను. మన భాషలో పిల్లలమఱ్ఱి పినవీరభద్రుడు 'శృంగారశాకుంతలము' రచించెను.

భారతమునందలి శకుంతల తీరు వేఱు. దుష్యంతుడు నిండుసభలో తన్నెఱిగియు ఎఱుగనన్నపుడు ఆమె వెనుదీయలేదు. కుమారునితో నిలిచి, సత్యమహిమను రాజునకే బోధించెను. తుదకు ఆకాశవాణి ఆమె పలుకే నిజమని చాటెను. ఆ కుమారుడే భరతుడు.

బాలబాలికలారా! ఈ పేరు వినినపుడు లేడిపిల్లను లాలించిన ముగ్ధనే గాక, సభలో సత్యము పలికిన ధీరను గూడ స్మరింపుడు.