నూట యాభై మూడు చేపలు: ఈస్టరుకు ఇంట అల్లుకొనే వల

పాఠ్యభాగము: యోహాను 21:1–14. కూడ చదువవలసినవి: లూకా 5:1–11, యోహాను 18:15–18.



ఈస్టరు దగ్గర పడుతున్నదంటే సండే స్కూలు టీచర్లకు, ఇంట తల్లులకు ఒకటే ఆలోచన: ఈ యేడు పిల్లలచేత ఏమి చేయించాలి? మనము వలస వచ్చి స్థిరపడిన ఊళ్లలో అంగళ్లవారు ఈ ప్రశ్నకు ముందే జవాబు సిద్ధము చేసి పెట్టారు. రంగు గుడ్లు, చాక్లెట్ గుడ్లు, చెవులు నిక్కించిన కుందేలు. కొని తెచ్చి పంచితే పిల్లలు సంతోషిస్తారు, మనకు పనీ తేలికే. దీనిని పాపమని మేము చెప్పబోవడము లేదు. అయితే అవి ఎక్కడనుండి వచ్చినవో కొంచెము తెలిసికొంటే, మన పిల్లలచేత ఏమి చేయించాలో ఆలోచించడానికి వీలగును.

పూర్వము శ్రమల కాలములో నలభై దినములు గుడ్లు తినడము మానేవారు. కోళ్లు మాత్రము పెట్టడము మానవు గదా! పండుగనాటికి గుడ్లు పోగుపడేవి. తూర్పు దేశముల సంఘాలలో వాటికి ఎర్ర రంగు వేసి క్రీస్తు రక్తమునకు గురుతుగా పంచుకొనేవారు. గుడ్లు తెచ్చే కుందేలు జర్మనీ పల్లెల కథ. 1682లో ఒక జర్మను వైద్యుడు వ్రాసిన గ్రంథములో దాని ప్రస్తావన ఉన్నది. జర్మనీ నుండి పెన్సిల్వేనియాకు వలస వెళ్లినవారు పద్దెనిమిదవ శతాబ్దములో ఆ కథను తమ పిల్లలకోసము అమెరికాకు మోసుకొని పోయారు. చాక్లెట్ గుడ్డు ఇంకా ఈమధ్యది. బ్రిస్టలులోని ఫ్రై కంపెనీ ఇంగ్లాండులో మొదటిసారి దానిని చేసినది 1873లో. ఫ్రాన్సులోనైతే గుడ్లు తెచ్చేది కుందేలు కాదు, గుడి గంటలు. అవి గురువారమునాడు రోముకు ఎగిరిపోయి ఈస్టరునాటికి గుడ్లతో తిరిగి వస్తవని అక్కడి పిల్లలకు చెబుతారు.

చూశారా, ఎవరి పండుగకు వారి ఊరి వస్తువే. కుందేలును తెచ్చినవారు కూడ మనవంటి వలసవారే. తమ ఊరిదానిని తమ పిల్లలకు ఇచ్చుకొన్నారు. కోడిపిల్లలు, లేత పచ్చిక, వసంతకాలపు పూలు చలిదేశములవారికి సరిపోవును. గోదావరి తీరమున ఈస్టరు వచ్చేది ఎండలు ముదిరేటప్పుడు. 1903లో జాన్ రంగయ్య గారు వెళ్లి కియర్‌స్నీ తోటలలో మొదటి తెలుగు బాప్టిస్టు సంఘమును కట్టిన నాటాలులోనైతే అప్పుడు ఆకు రాలే కాలము! మరి మన ఊరి వస్తువు ఏది?

మన సంఘాలలో గోదావరి లంకలనుండి, సముద్రపు ఒడ్డునుండి వచ్చిన కుటుంబాలు ఉన్నవి. యానాముకు దిగువన, గౌతమి సముద్రమును చేరబోయే చోట దరియాలతిప్ప అనే ఊరున్నది. నీటి నడుమ మెరకగా నిలిచిన నేలను తిప్ప అంటారని ఆ వైపువారికి చెప్పనక్కరలేదు. ఇక్కడ పుట్టిన పిల్లలకు చెప్పవలెను. అది వలల ఊరు. 1954 వరకు ఫ్రెంచివారి ఏలుబడిలో ఉన్నది యానాము. దానికి చేరువలోనే కోరంగి రేవు. ఆ రేవునుండి ఓడలెక్కి వెళ్లిన మనవారినిబట్టి బర్మాలో తెలుగువారందరికీ కోరంగీలని పేరు వచ్చినది. ఆ పైన కాకినాడ, 1874లో కెనడా బాప్టిస్టు మిషను మొదలయిన పట్టణము. ఏటా ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు తూర్పు తీరమంతట మరపడవలకు సముద్రపు వేట నిషేధము. అరవై ఒక్క రోజులు పడవలు ఒడ్డెక్కుతవి, వలలు నేలమీద పరచుకొంటవి, చిరుగులు చూచుకొంటూ కూర్చుంటారు. అంటే ఈస్టరు కాలమే అక్కడ వలలు బాగుచేసికొనే కాలము.

ఇప్పుడు పాఠ్యభాగము చూడండి. పునరుత్థానుడైన ప్రభువు తన శిష్యులకు కనబడిన చోట్లలో ఒకటి చేపల రేవు. ఏడుగురు శిష్యులు రాత్రియంతా వేటాడారు, ఒక్కటీ పడలేదు. తెల్లవారగానే ఒడ్డున ఒకాయన నిలిచి ఉన్నాడు. దోనెకు కుడిప్రక్కను వల వేయమన్నాడు. వేశారు, లాగలేకపోయారు. ఒడ్డుకు దూరము ఇన్నూరు మూరలు, అంటే దాదాపు నూరు గజములు. లెక్కపెడితే గొప్ప చేపలు నూట యాభై మూడు. లూకా 5వ అధ్యాయములో ఇటువంటి వేటలోనే వల పిగులసాగినది. ఇక్కడ వల పిగలలేదని యోహాను ప్రత్యేకముగా వ్రాశాడు. వల సంగతి తెలిసినవానికే అది వ్రాయవలసిన సంగతి. ఈ అధ్యాయమును మన తాతలకు ఏ పండితుడూ వివరించనక్కరలేదు.

కాబట్టి మేము చెప్పేది ఇది: ఈస్టరుకు మన ఇండ్లలో పిల్లలు చేయవలసిన చేతిపని, ఒక చిన్న వల, నూట యాభై మూడు చేపలు. గుడ్డుకు రంగు వేయడము ఒక గంట పని, ఉల్లిపొట్టు ఉడికించిన నీళ్లుంటే చాలు, వేసికొనేవారు వేసికొనండి. వలకు మాత్రము ఇంటిలోని పెద్దవారు కావలెను. అందుకే దీనిని కోరుచున్నాము. నైలాను వల వచ్చినప్పటినుండి తీరమున మిషనుమీద అల్లిన వలనే కొంటున్నారు. చేతికి మిగిలినది చిరుగులు కట్టడము, త్రాళ్లు, బెండ్లు, గుండ్లు కట్టుకోవడము. ఇక్కడికి వచ్చిన పెద్దవారిలోనైతే ఆ ముడి వారి వ్రేళ్లలోనే ఉండిపోయినది, ఎవరూ అడగరు. తాతయ్యకు ఇక్కడి భాష రాదు, మనుమనికి తెలుగు అంతంతమాత్రము. సెలవునాడు ఇద్దరూ ఒకే గదిలో కూర్చుండి మాట లేకుండ గడిపే ఇండ్లు మనకు తెలియనివి కావు. ముడి నేర్పడానికి ఎక్కువ మాటలు అక్కరలేదు. మాటలు ఆ తరువాత వస్తవి.

వల అల్లే పద్ధతి. నైలాను దారము పిల్లలకు వద్దు, ముడి జారిపోవును. గట్టి నూలు పురి తీసికొనండి. వెదురు బద్ద ఒకటి రెండు వ్రేళ్ల వెడల్పున నునుపుగా చెక్కండి. అన్ని కన్నులూ ఒకే కొలతకు రావడానికి అది ఆధారము. వెదురు దొరకకపోతే గట్టి అట్టముక్క చాలును. దారము చుట్టుకొనే సూదిని కూడ సన్నని చెక్కతో చేసికోవచ్చును, రెండు కొనలయందు గాడి ఉంటే సరి. ఒక త్రాడును కిటికీ ఊచలకు బిగించి కట్టి, దానికి ఇరవై ఉచ్చులు వేయండి. తరువాతి వరుసకు దారమును బద్దమీదుగా తెచ్చి, పై ఉచ్చులో క్రిందనుండి దూర్చి, ఉచ్చు బద్దకు తగిలేవరకు లాగి బొటనవ్రేలితో అదిమి పట్టండి. దారమును ఎడమకు పైకి విసరి, సూదిని ఉచ్చు రెండు పోగుల వెనుకనుండి త్రిప్పి, విసరిన దారములోనుండి బయటికి తీసి బిగించండి. ఒక కన్ను అయినది. చదివితే చిక్కుగా ఉండును. తెలిసినవారు ఒకసారి చేసి చూపితే పదేండ్ల పిల్లవాడు పట్టుకొంటాడు. మొదటి వరుస వంకరగా వస్తుంది, విప్పకండి.

ఇరవై కన్నులు, ఇరవై వరుసలు, నాలుగు వందల ముడులు. శ్రమల కాలపు నలభై దినములలో సాయంత్రమునకు పది ముడులు. ఆదివారములు ఆ నలభైలో లెక్కకు రావు గనుక ఆ దినములలో పని లేదు. భస్మ బుధవారము మన సంఘాలలో చాలవరకు ఆచరించరు, ఆచరించవలెనని మేమూ అనము. లెక్క ఎక్కడో ఒకచోట మొదలుపెట్టవలెను గదా. ఆలస్యముగా మొదలుపెట్టినవారు పది వరుసలు చేసినా వల వలే. అల్లడము ముగిసినాక టీ డికాషనులో ముంచి ఆరవేస్తే గోధుమ రంగు పట్టును. నూలు వలలు నీళ్లలో చివికిపోకుండ పూర్వము జాలరులు చెట్ల బెరడు కషాయములో నానవేసేవారు. టీలోనూ ఆ వగరే ఉన్నది. మరీ చిన్న పిల్లలున్న ఇండ్లవారు ఉల్లిపాయలు వచ్చే వల సంచి కత్తిరించి వాడుకోవచ్చును.

ఇక చేపలు. నూట యాభై మూడు అనే లెక్కకు పెద్దలు చాల అర్థములు చెప్పారు. ఒకటి నుండి పదిహేడు వరకు వరుసగా కూడితే నూట యాభై మూడు వచ్చునని ఆగస్టీను గమనించి, పదిహేడును పది ఆజ్ఞలుగా, ఆత్మయొక్క ఏడు వరములుగా విడదీశాడు. అన్ని జాతుల చేపలూ నూట యాభై మూడని జెరోము వ్రాశాడు. ఈ అర్థములను నమ్మమని పిల్లలకు చెప్పనక్కరలేదు. లెక్కపెట్టినవాడు చూచినవాడు అని చెప్పండి చాలు. అయితే ఆగస్టీను కూడిక మన పనికి బాగుగా ఉపయోగపడును. సంఘములో పదిహేడు కుటుంబములను వరుసగా వ్రాసి, మొదటి ఇంటివారు ఒక చేప, రెండవ ఇంటివారు రెండు, పదిహేడవ ఇంటివారు పదిహేడు చేయవలెను. చంటిబిడ్డ ఉన్న ఇంటికి ఒకటవ నంబరు ఇవ్వండి. ఈస్టరునాడు గోడమీద వరుసక్రింద వరుసగా అంటిస్తే ముక్కోణముగా నిలుచును.

చేపలు మట్టల ఆదివారమునాటి ఆకులతోనే చేయవచ్చును, పారవేయకండి. కొబ్బరాకుతో బూర, గడియారము చేయగలవారికి చేప ఎంత పని? ఆకు దొరకనిచోట తెల్ల కాగితముమీద పసుపు నీళ్లు పూసి ఆరనిచ్చి, సబ్బు నీళ్లలో ముంచిన పుల్లతో రెక్కలు, పొలుసులు గీయించండి. గీసినచోట ఎర్రబడును. పారాణి రహస్యమే ఇది. సున్నము వద్దు, పిల్లల కండ్లలో పడితే ప్రమాదము.

ప్రతి చేపమీద ఒక చేప పేరు, తెలుగు అక్షరాలతో, పిల్లలే వ్రాయవలెను. పండుగప్ప, చందువ, వంజరము, సొర, మాగ, జెల్ల, మట్టగిడస, బొమ్మిడాయి, కొరమీను, కానాగంత. పులసను మరువకండి, సముద్రములో ఉన్నంతవరకు అది విలస, ఎర్రనీరు వచ్చినప్పుడు గోదావరి ఎక్కితే పులస. యానామువారికి చీరమీను సంగతి వేరే చెప్పాలా! ఈ పేర్లు ఇక్కడి బడి పుస్తకములో లేవు. ఫోను చేసి ఊరిలోని బంధువులను అడగనివ్వండి. నూట యాభై మూడు పేర్లు కూడవు, పేర్లు అయిపోయినాక ఆ ఇంటి పిల్లల పేర్లు వ్రాయండి.

బెండ్ల విషయము కొంచెము నెమ్మదిగా చెప్పవలెను. మన ఊళ్లలో ఈస్టరు తెల్లవారుజామున సమాధుల తోటకు వెళ్లి, ముందే సున్నము వేసిన సమాధులమీద పూలు పెట్టి, కొవ్వొత్తులు వెలిగించి పాటలు పాడుతారు. సూర్యోదయ ఆరాధన మొరేవియను సహోదరులు 1732లో హెర్న్‌హుట్ అను ఊరిలో మొదలుపెట్టినదీ సమాధుల తోటలోనే. వలస వచ్చినవారికి ఆ సమాధులు దూరము. కొందరికి అసలు సమాధే లేదు. 1996 నవంబరు 6 రాత్రి ఆ తీరమును కొట్టిన తుఫానులో వెయ్యిమందికి పైగా చనిపోయారు; వేటకు వెళ్లి తిరిగిరాని జాలరులు వారిలో ఎందరో. అటువంటి ఇంటివారు ఈస్టరునాడు సున్నము ఎక్కడ వేస్తారు?

అందుచేత వల పై అంచున కట్టే బెండ్లమీద, ప్రభువునందు నిద్రించిన మన ఇంటివారి పేర్లు వ్రాయవచ్చునని మా సలహా. సీసా బిరడాలు సరిపోవును. ఒక్కొక్కటి కట్టేటప్పుడు ఆ మనిషి ఎవరో, ఏ ఊరివారో, ఏ పని చేసేవారో పిల్లలకు చెప్పండి. చనిపోయినవారికొరకు ప్రార్థించడము మన బోధ కాదు, ఇది ఆ ఉద్దేశముతో కాదు. 1 థెస్సలొనీకయులకు 4:13 నుండి చదివి కట్టండి. దుఃఖము కొత్తగా ఉన్న ఇంటిలో బలవంతము చేయకండి; పేరు వ్రాయని బెండు ఒకటి కట్టి వదిలినా చాలు.

ఈస్టరు ఉదయము ఆరాధన ముగిసినాక వలను గోడకు వ్రేలాడదీసి, దాని ప్రక్కన చేపలను అంటించి, అందరూ కలిసి రొట్టె, చేప తినండి. బొగ్గుల నిప్పు అనే మాట యోహాను సువార్తలో రెండు చోట్లనే వస్తుంది. ప్రధానయాజకుని ముంగిట పేతురు చలి కాచుకొంటూ ప్రభువును ఎరుగననినచోట ఒకటి, ఈ ఒడ్డున రెండవది. కొంచెము పెద్ద పిల్లలకు ఈ రెండు నిప్పులను గూర్చి చెప్పి, పేతురుకు ఆ వాసన తగిలినప్పుడు ఏమి జ్ఞాపకము వచ్చియుండునో అడగండి.

చిన్న పిల్లలకు మూడు ప్రశ్నలు చాలును. దోనెలో ఎందరు ఉన్నారు? వల ఏ ప్రక్కను వేశారు? ఒడ్డున నిప్పులమీద అప్పటికే చేప కాలుచుండగా, మీరు పట్టినవాటిలో కూడ కొన్ని తెండని ఆయన ఎందుకు అడిగాడు?